ఎర్రర్ 1723: ఇన్‌స్టాలర్‌కే అవసరమైన డీఎల్ఎల్ దొరకనప్పుడు – ఒక కేస్ స్టడీ

ఒక జిల్లా కేంద్రంలోని డయాగ్నస్టిక్ సెంటర్‌లో, రక్తపరీక్షల అనలైజర్ నుంచి ఫలితాలను సీరియల్ పోర్టు ద్వారా అందుకుని నేరుగా రోగి రిపోర్టులోకి చేర్చే ల్యాబ్ సాఫ్ట్‌వేర్ కొన్నేళ్లుగా నడుస్తోంది. అది ఉన్న కంప్యూటర్‌లో మదర్‌బోర్డు పాడైపోవడంతో విండోస్ 10 ప్రో 64 బిట్ ఉన్న కొత్త కంప్యూటర్‌ను తెచ్చి పెట్టారు. రోగుల సమాచారమంతా వేరే సర్వర్‌లో భద్రంగా ఉంది కాబట్టి, సాఫ్ట్‌వేర్‌ను మళ్లీ ఇన్‌స్టాల్ చేస్తే సరిపోతుందని అందరూ అనుకున్నారు. కానీ సెటప్ నడిపిన ప్రతిసారీ ఎర్రర్ 1723 వచ్చి పని ఆగిపోతోంది. ప్యాకేజీలో సమస్య ఉందని, ఇన్‌స్టలేషన్ పూర్తి కావడానికి అవసరమైన ఒక డీఎల్ఎల్‌ను (ప్రోగ్రాములు పిలిచి వాడుకునే కోడ్ ఉన్న లైబ్రరీ ఫైలును) నడపడం సాధ్యం కాలేదని, ప్యాకేజీ ఇచ్చినవారిని సంప్రదించమని ఆ సందేశం సారాంశం.

ఈలోగా టెక్నీషియన్లు అనలైజర్ తెరపై కనబడే అంకెలను చూస్తూ రిపోర్టులను చేత్తో టైపు చేస్తున్నారు. మూత్రపిండాల పనితీరు చెప్పే క్రియాటినిన్ విలువలో దశాంశ బిందువు ఒక్క స్థానం జరిగినా డాక్టరు తీసుకునే నిర్ణయమే మారిపోతుంది. నేను పిలుపు అందుకున్నప్పుడు దీన్ని మామూలు కంప్యూటర్ మరమ్మతుగా కాక, రోగుల భద్రతకు సంబంధించిన పనిగా చూడడానికి కారణం అదే.

నేను వెళ్లేసరికి సమస్య ఒకటి కాదు, రెండు. సెంటర్‌లో కంప్యూటర్లు చూసుకునే కుర్రాడు, "సార్, నెట్‌లో దొరికిన డీఎల్ఎల్ వేసి చూశాం. అది కుదరకపోగా ఎక్స్‌రే చూసే ప్రోగ్రామ్ కూడా తెరుచుకోవడం లేదు" అన్నాడు. అతను ఏం చేశాడో వరుసగా చెప్పించుకున్నాను. సెటప్ పనిచేయకపోవడంతో పాత హార్డ్ డిస్కు నుంచి సాఫ్ట్‌వేర్ ఫోల్డర్‌ను యథాతథంగా కొత్త కంప్యూటర్‌లోకి కాపీ చేసి, లోపలి ప్రోగ్రామ్‌ను నేరుగా నడిపాడు. ఎంఎస్‌వీసీపీ140 అనే డీఎల్ఎల్ దొరకలేదని విండోస్ చెప్పింది. ఆ పేరుతో వెతికి, డీఎల్ఎల్ ఫైళ్లను విడివిడిగా పంచిపెట్టే ఒక వెబ్‌సైటు నుంచి దాన్ని దించుకుని సిస్టమ్32 ఫోల్డర్‌లో పెట్టాడు. అక్కడ అదే పేరుతో ఒక ఫైలు ఉందని, దాని స్థానంలో దీన్ని పెట్టమంటారా అని విండోస్ అడిగితే అవునన్నాడు. ఆ తర్వాత ల్యాబ్ ప్రోగ్రామ్ మునుపటి మాటే చెప్పింది. ఎక్స్‌రే చిత్రాలు చూపే ప్రోగ్రామ్ మాత్రం 0ఎక్స్‌సీ000007బీ అనే కోడ్‌తో తెరుచుకోవడం మానేసింది.

ముందుగా రెండో నష్టం

అసలు కేసులోకి వెళ్లే ముందు ఈ కొత్త నష్టాన్ని సరిచేయడం అవసరం. పాడైన నేల మీద నిలబడి చేసే ఏ పరీక్షా నమ్మదగిన ఫలితం ఇవ్వదు.

ఎంఎస్‌వీసీపీ140 విండోస్‌లో భాగం కాదు. విజువల్ సీ ప్లస్ ప్లస్ అనే మైక్రోసాఫ్ట్ సాధనంతో తయారైన ప్రోగ్రాములు ఉమ్మడిగా వాడుకునే, నడిచేటప్పుడు కావలసిన రన్‌టైమ్ లైబ్రరీలలో ఒకటి. 2015 వెర్షన్ నుంచి మైక్రోసాఫ్ట్ ఈ కుటుంబంలోని ఫైళ్లను ఒకదానితో ఒకటి పొసిగేలా ఉంచుతూ వచ్చింది కాబట్టి, 2015లో తయారైన ప్రోగ్రామూ 2022లో తయారైన ప్రోగ్రామూ ఇదే పేరున్న ఫైలును అడుగుతాయి. అయితే దానికి 32 బిట్ రూపం ఒకటి, 64 బిట్ రూపం ఒకటి వేర్వేరుగా ఉంటాయి, రెండింటి పేరూ ఒకటే. 64 బిట్ విండోస్‌లో వీటి నివాసాలు పేర్లను బట్టి ఊహించేదానికి పూర్తిగా తలకిందులు: 64 బిట్ ఫైళ్లు సిస్టమ్32 ఫోల్డర్‌లో, 32 బిట్ ఫైళ్లు సిస్‌వావ్64 ఫోల్డర్‌లో ఉంటాయి. 32 బిట్ ప్రోగ్రామ్ సిస్టమ్32 కోసం అడిగితే విండోస్ దాన్ని చడీచప్పుడు లేకుండా సిస్‌వావ్64కు మళ్లిస్తుంది.

సిస్ఇంటర్నల్స్ వారి సిగ్‌చెక్ పరికరంతో ఆ ఫైలును పరీక్షించాను. మైక్రోసాఫ్ట్ డిజిటల్ సంతకం చెక్కుచెదరకుండా ఉంది, కానీ ఫైలు 32 బిట్‌ది. అంటే అసలైన ఫైలే చేరకూడని చోట చేరింది. 32 బిట్ ల్యాబ్ ప్రోగ్రామ్ సిస్‌వావ్64లో వెతుకుతుంది కాబట్టి అతను పెట్టిన ఫైలు దానికి కనబడనే లేదు. 64 బిట్ ఎక్స్‌రే ప్రోగ్రామ్‌కు మాత్రం తన చోట తనది కాని ఫైలు ఎదురై, చెల్లని ఇమేజ్ ఫార్మాట్ అనే అర్థమున్న ఆ కోడ్‌తో ఆగిపోయింది. ఆ వెబ్‌సైటు నుంచి వచ్చిన ఫైలు ఈసారి అసలైనది కావడం ఊరట కలిగించే విషయమే. అయినా ఎవరు, ఎక్కడి నుంచి తెచ్చి పెట్టారో తెలియని ఫైలును, సిస్టమ్‌లోని ప్రతి ప్రోగ్రామూ లోడ్ చేసుకోగల ఫోల్డర్‌లో నిర్వాహక హక్కులతో పెట్టడాన్ని ఏ పరిస్థితిలోనూ సమర్థించలేను.

విండోస్ ఫైళ్లు సరిగ్గా ఉన్నాయో లేదో చూసే సిస్టమ్ ఫైల్ చెకర్‌ను అప్పటికే ఎవరో నడిపారు. అంతా సక్రమంగా ఉందని అది చెప్పింది, తన పరిధిలో అది నిజమే చెప్పింది. విండోస్ 2000 కాలం నాటి ఫైల్ ప్రొటెక్షన్ గానీ, విస్టా నుంచి దాని స్థానంలోకి వచ్చిన రిసోర్స్ ప్రొటెక్షన్ గానీ కాపాడేది విండోస్ సొంత ఫైళ్లనే. విడిగా ఇన్‌స్టాల్ అయ్యే సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్ ఆ రక్షణలో లేదు కాబట్టే ఆ కుర్రాడు ఆ ఫైలును అంత సులువుగా మార్చగలిగాడు. దాన్ని బాగుచేయాల్సింది ఈ రన్‌టైమ్ ఫైళ్లను ఇన్‌స్టాల్ చేయడానికి మైక్రోసాఫ్ట్ ఇచ్చే విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీలోని రిపేర్ సదుపాయంతోనే. ఇక్కడ ఒక జాగ్రత్త ఉంది. విండోస్ ఇన్‌స్టాలర్ మామూలుగా ఎక్కువ వెర్షన్ నంబరున్న ఫైలును నిలబెడుతుంది. బయటి నుంచి తెచ్చిన ఫైలు వెర్షన్ ఎక్కువైతే, రిపేర్ దాన్ని తాకకుండా వదిలేసే అవకాశం ఉంది. అందుకని ముందు ఆ ఫైలును వేరే ఫోల్డర్‌లోకి తరలించి, ఆ చోటు ఖాళీ అయ్యాకే 64 బిట్ ప్యాకేజీని రిపేర్ చేశాను. ఎక్స్‌రే ప్రోగ్రామ్ తెరుచుకుంది.

ఇన్‌స్టాలర్ లాగ్

ఇప్పుడు 1723. విండోస్ ఇన్‌స్టాలర్ 1999లో ఆఫీస్ 2000తో పాటు వచ్చింది. అంతకుముందు ప్రతి సెటప్ ప్రోగ్రామూ తనకు తోచినట్టు ఉమ్మడి ఫైళ్లను మార్చేస్తూ ఉండడం వల్ల పుట్టిన గందరగోళాన్ని ఒక క్రమంలో పెట్టడం దాని ఉద్దేశాల్లో ఒకటి. ఏ ఫైలు ఎక్కడికి వెళ్లాలో, విండోస్ సెట్టింగులు భద్రపరిచే రిజిస్ట్రీలో ఏ విలువ రాయాలో ప్యాకేజీలోని పట్టికలు చెబుతాయి. పట్టికల్లో ఇమడని ఏదైనా ప్రత్యేకమైన పని ఉంటే, దానికోసం తయారీదారు కస్టమ్ యాక్షన్ రాస్తాడు. అది తరచూ ఒక డీఎల్ఎల్ రూపంలో ప్యాకేజీలోనే దాగి ఉంటుంది. 1723 మాట్లాడేది ఆ డీఎల్ఎల్ గురించి. సాఫ్ట్‌వేర్ వాడుకునే డీఎల్ఎల్‌ల గురించి కాదు. సందేశంలో ఈ తేడా కనబడదు కాబట్టి, చాలామంది సాఫ్ట్‌వేర్‌కు కావలసిన ఫైళ్లను వెతుక్కుంటూ పోతారు.

సెటప్‌ను కమాండ్ ప్రాంప్ట్ నుంచి, విండోస్ ఇన్‌స్టాలర్‌ను నడిపే ఎంఎస్ఐఎగ్జిక్ అనే ప్రోగ్రామ్ ద్వారా, పూర్తి వివరాలతో లాగ్ రాయించే స్లాష్ ఎల్ స్టార్ వీ ఆప్షన్‌తో నడిపాను. ఇటువంటి లాగ్ వేల వరుసలుంటుంది. చదవాల్సింది మొదటి నుంచి కాదు. ఏ చర్య విఫలమైనా లాగ్‌లో రిటర్న్ వాల్యూ 3 అని నమోదవుతుంది. దాన్ని వెతికి పట్టుకుని, అక్కడి నుంచి పైకి చదవాలి. ఆ వరుసకు కాస్త పైన కస్టమ్ యాక్షన్ పేరు, అందులో పిలవాల్సిన ఫంక్షన్ పేరు, విండోస్ ఫోల్డర్ లోపలి ఇన్‌స్టాలర్ ఫోల్డర్‌లో తాత్కాలికంగా విప్పిన డీఎల్ఎల్ దారి, వీటితో పాటు అసలు ఎర్రర్ కోడ్ 1157 అని ఉంది. కంప్యూటర్‌లో సీరియల్ పోర్టు ఉందో లేదో ముందుగానే చూసుకోవడానికి రాసిన చర్య అది అని పేరును బట్టే తెలుస్తోంది.

కేసులో మలుపు ఆ 1157 దగ్గరే ఉంది. 1723 కేవలం పైపొర. ఎన్నో కారణాలకు విండోస్ ఇన్‌స్టాలర్ అదే సంఖ్య చూపిస్తుంది. 1157కు విండోస్ ఇచ్చే అర్థం మాత్రం నిర్దిష్టమైనది: ఈ ప్రోగ్రామ్ నడవడానికి కావలసిన లైబ్రరీ ఫైళ్లలో ఒకటి కనబడలేదు. లాగ్‌లో దారి కూడా ఉంది కాబట్టి, కస్టమ్ యాక్షన్ డీఎల్ఎల్ దొరికింది. దొరకనిది అది ఆధారపడిన మరో డీఎల్ఎల్. అదే 193 అయి ఉంటే 32, 64 బిట్ల పొంతన గురించీ, 1154 అయి ఉంటే ఫైలు చెడిపోవడం గురించీ ఆలోచించేవాణ్ణి.

ఇంకో ఆధారం కూడా దీన్ని బలపరిచింది. ప్రోగ్రామ్ ఫైల్స్ కింద ఒక్క ఫైలు కూడా పడలేదు, వెనక్కి తీసుకున్న జాడ కూడా లేదు. అంటే ఫైళ్ల పంపిణీ మొదలు కాకముందే ఈ చర్య నడిచి, విఫలమైంది.

డీఎల్ఎల్‌ను విప్పి చూడడం

ప్రోగ్రాములు రాసేవాళ్ల కోసం మైక్రోసాఫ్ట్ ఇచ్చే విండోస్ ఎస్‌డీకేతో వచ్చే ఓర్కా అనే పరికరంలో ప్యాకేజీని తెరిస్తే, బైనరీ అనే పట్టికలో ఆ డీఎల్ఎల్ ఉంది. దాన్ని బయటకు తీసి, ఒక డీఎల్ఎల్ ఏయే డీఎల్ఎల్‌ల మీద ఆధారపడిందో చెట్టులా చూపించే డిపెండెన్సీస్ అనే పరికరంలో తెరిచాను. పాత తరం వాళ్లకు అలవాటైన డిపెండెన్సీ వాకర్‌ను ఈ పనికి వాడవద్దని గట్టిగా చెబుతాను. విస్టా కాలంలోనే ఆగిపోయిన ఆ పరికరానికి, విండోస్ 7 నుంచి వచ్చిన ఏపీఐ సెట్‌ల సంగతి తెలియదు. ఏపీఐ ఎంఎస్ విన్ అని మొదలయ్యే పేర్లు నిజానికి ఫైళ్లు కావు. విండోస్ వాటిని లోపలి పట్టిక ద్వారా అసలు ఫైళ్లకు జోడిస్తుంది. పాత పరికరం వాటిని పెద్ద సంఖ్యలో ఎర్రగా చూపిస్తే, లేని లోపాన్ని వెతుక్కుంటూ పూటంతా పోతుంది.

డిపెండెన్సీస్ చూపినది స్పష్టంగా ఉంది. కస్టమ్ యాక్షన్ డీఎల్ఎల్ 32 బిట్‌ది; అది ఎంఎస్‌వీసీపీ140, వీసీరన్‌టైమ్140 ఫైళ్లను అడుగుతోంది; ఆ రెండూ ఈ కంప్యూటర్‌లో 64 బిట్ రూపంలో మాత్రమే ఉన్నాయి. పరికరం చెప్పినదాన్ని నిజంగా జరిగినదానితో పోల్చుకోవడానికి, ప్రోగ్రాములు ఏ ఫైళ్లను అడుగుతున్నాయో చూపే ప్రాసెస్ మానిటర్‌ను తెరిచి, ఎంఎస్ఐఎగ్జిక్ ప్రాసెస్‌కు సంబంధించిన వరుసల్లో పేరు దొరకలేదు అన్న ఫలితం వచ్చినవాటినే ఉంచేలా ఫిల్టర్ పెట్టి, సెటప్‌ను మళ్లీ నడిపాను. 32 బిట్ కస్టమ్ యాక్షన్లను విండోస్ ఇన్‌స్టాలర్ ప్రత్యేకంగా సిస్‌వావ్64లోని ఎంఎస్ఐఎగ్జిక్‌లో నడుపుతుంది. ఆ ప్రాసెస్ ఎంఎస్‌వీసీపీ140 కోసం సిస్‌వావ్64లోనూ, విండోస్ ఫోల్డర్‌లోనూ, విండోస్ వెతికే ఫోల్డర్ల జాబితా అయిన పాత్ వేరియబుల్‌లో ఉన్న ఒక్కొక్క ఫోల్డర్‌లోనూ వెతికి, ప్రతిచోటా ఖాళీ చేతులతో తిరిగి రావడం తెర మీద వరుసగా కనబడింది.

కానీ ఓర్కాలోనే మరో సంగతి బయటపడింది. తయారీదారులు 32 బిట్ సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్‌ను మర్జ్ మాడ్యూల్ (ప్యాకేజీలో కలిపేసే సిద్ధమైన భాగం) రూపంలో ఈ ప్యాకేజీలోనే చేర్చారు. ఇన్‌స్టలేషన్ పూర్తయితే ఆ ఫైళ్లు సిస్‌వావ్64లోకి చేరతాయి, ల్యాబ్ ప్రోగ్రామ్ నడుస్తుంది. ఇన్‌స్టలేషన్ పూర్తి కావాలంటే మాత్రం అవే ఫైళ్లు ముందే అక్కడ ఉండాలి. తాళంచెవిని పెట్టెలో పెట్టి తాళం వేసినట్టు, ఇన్‌స్టాలర్ తనకు కావలసిన లైబ్రరీని తనలోనే మోసుకొస్తూ, దాన్ని అందుకోలేక ఆగిపోతోంది.

ఇంతకాలం ఇది ఎందుకు బయటపడలేదన్న ప్రశ్నకు జవాబు పాత హార్డ్ డిస్కులోనే దొరికింది. అందులోని సాఫ్ట్‌వేర్ జాబితా ప్రకారం, ల్యాబ్ సాఫ్ట్‌వేర్ కంటే ముందే ఇంకేదో ప్రోగ్రామ్‌తో పాటు 32 బిట్ రీడిస్ట్రిబ్యూటబుల్ ఆ కంప్యూటర్‌లోకి చేరింది. ప్రోగ్రామ్ రాసేవాళ్ల కంప్యూటర్లలోనైతే విజువల్ స్టూడియోతో పాటే ఈ ఫైళ్లు వచ్చేస్తాయి. ఏమీ లేని శుభ్రమైన విండోస్ మీద ఆ ప్యాకేజీని ఎవరూ పరీక్షించలేదు. ఉమ్మడి లైబ్రరీల్లో ఉన్న చిక్కు ఇదే: ఒక ప్రోగ్రామ్ అవసరాన్ని మరో ప్రోగ్రామ్ తెలియకుండానే తీరుస్తూ ఉంటే, లోపం ఏళ్ల తరబడి కనబడదు.

పరిష్కారం

తక్షణ పరిష్కారం చిన్నదే. మైక్రోసాఫ్ట్ సైటు నుంచి నేరుగా రీడిస్ట్రిబ్యూటబుల్ ఎక్స్86 (అంటే 32 బిట్) ప్యాకేజీని దించి ఇన్‌స్టాల్ చేశాను. 64 బిట్ కంప్యూటర్‌కు 64 బిట్ ప్యాకేజీ ఒక్కటే చాలనుకోవడం పొరపాటు. ప్రోగ్రామ్ ఏ బిట్‌దో రన్‌టైమ్ ఆ బిట్‌దే కావాలి. రిజిస్ట్రీలో వావ్6432నోడ్ కింద, విజువల్ స్టూడియో 14.0 రన్‌టైమ్స్ విభాగంలో ఎక్స్86కు ఇన్‌స్టాల్డ్ విలువ 1గా ఉందని చూసుకుని, ల్యాబ్ సెటప్‌ను మళ్లీ లాగ్‌తో నడిపాను. అదే కస్టమ్ యాక్షన్ రిటర్న్ వాల్యూ 1తో ముగిసింది, ఇన్‌స్టలేషన్ చివరిదాకా వెళ్లింది. కాపీ చేసి పెట్టిన పాత ఫోల్డర్‌ను తొలగించాను. అనలైజర్ నుంచి ఒక కంట్రోల్ శాంపిల్ ఫలితాన్ని పంపించి, యంత్రం తెర మీది ప్రతి విలువా రిపోర్టులోని విలువా ఒకటేనని సెంటర్ టెక్నీషియన్ సంతకం పెట్టాకే చేతి టైపింగ్ ఆపమన్నాను.

అంతటితో వదిలేస్తే, ఇదే సాఫ్ట్‌వేర్ వాడే ఇంకో ల్యాబ్ కొత్త కంప్యూటర్ కొన్న రోజున ఇదంతా మళ్లీ మొదలవుతుంది. లాగ్‌ను, డిపెండెన్సీస్ చూపిన వివరాలను జతచేసి తయారీదారులకు రాశాను. వారు శ్రద్ధగానే స్పందించారు. కస్టమ్ యాక్షన్‌ను ఫైళ్లను పెట్టే చర్య తర్వాతికి జరుపుతామన్నది వారి మొదటి ఆలోచన. చూడడానికి సబబుగా ఉన్నా, అది పనిచేయదు. విండోస్ ఇన్‌స్టాలర్ వరుసక్రమంలో ఇన్‌స్టాల్ ఫైల్స్ అన్న చర్య వచ్చినప్పుడు ఫైళ్లు నిజంగా కాపీ కావు. కాపీ చేయాలన్న ఆదేశం మాత్రమే ఒక స్క్రిప్టులో నమోదవుతుంది. ఆ స్క్రిప్టు మామూలుగా చివరన, ఇన్‌స్టాల్ ఫైనలైజ్ దగ్గర అమలవుతుంది. వెంటనే నడిచే రకం కస్టమ్ యాక్షన్‌ను ఎంత కిందకి జరిపినా, స్క్రిప్టు అమలయ్యేలోపు అది ఖాళీ డిస్కునే చూస్తుంది. స్క్రిప్టులో భాగంగా నడిచేలా డిఫర్డ్ రకంగా మారిస్తే ఫైళ్లు దొరకవచ్చు గానీ, పోర్టు లేదని తెలిసేసరికి ఫైళ్లన్నీ పడిపోయి ఉంటాయి, ముందుగా పరీక్షించడమన్న ఉద్దేశమే పోతుంది.

నేను సూచించిన మార్పు వేరు. కస్టమ్ యాక్షన్ డీఎల్ఎల్‌ను కంపైల్ చేసేటప్పుడు రన్‌టైమ్‌ను బయట వెతుక్కునే ఎండీ ఆప్షన్‌కు బదులు, రన్‌టైమ్‌ను డీఎల్ఎల్ లోపలే కలిపేసే ఎంటీ ఆప్షన్‌ను వాడాలి. అప్పుడు అది విండోస్ సొంత డీఎల్ఎల్‌ల మీద తప్ప మరి దేని మీదా ఆధారపడదు. ఇలా కలిపేస్తే రన్‌టైమ్‌లో తర్వాత వచ్చే భద్రతా సవరణలు ఆ డీఎల్ఎల్‌కు వాటంతటవే అందవన్నది నిజం. ఏళ్ల తరబడి నడిచే ప్రధాన ప్రోగ్రామ్‌కు అందుకే ఉమ్మడి రన్‌టైమే మేలు. ఇన్‌స్టలేషన్ సమయంలో కొన్ని క్షణాలు నడిచి చెరిగిపోయే చిన్న డీఎల్ఎల్ విషయంలో మాత్రం ఎవరి మీదా ఆధారపడకపోవడమే ముఖ్యమని నా అభిప్రాయం.

తయారీదారులు దానితో పాటు మర్జ్ మాడ్యూల్‌ను కూడా తీసేసి, ముందు రీడిస్ట్రిబ్యూటబుల్‌ను, ఆ తర్వాత అసలు ప్యాకేజీని నడిపే బూట్‌స్ట్రాపర్‌ను తయారుచేశారు. మర్జ్ మాడ్యూల్ ద్వారా చేరిన రన్‌టైమ్‌ను మైక్రోసాఫ్ట్ విడిగా నవీకరించలేదు కాబట్టి ఇది సరైన నిర్ణయం. పరీక్షకు విండోస్ శాండ్‌బాక్స్ వాడమన్నాను. విండోస్ 10లో 1903 వెర్షన్ నుంచి ప్రో, ఎంటర్‌ప్రైజ్ ఎడిషన్లలో ఉన్న ఈ సదుపాయం, తెరిచిన ప్రతిసారీ కొత్త విండోస్‌ను ఇస్తుంది, మూయగానే అంతా చెరిపేస్తుంది. కొత్త ప్యాకేజీని నేనూ అందులో లాగ్‌తో నడిపి చూశాను. రన్‌టైమ్ లేని శాండ్‌బాక్స్‌లో బూట్‌స్ట్రాపర్‌ను పక్కన పెట్టి ప్యాకేజీని ఒంటరిగా నడిపినా, పోర్టు లేదన్న సందేశాన్ని కస్టమ్ యాక్షన్ సరిగ్గా చూపించింది.

అదే 1723, వేరే కారణం

కొంతకాలానికి, ఇదే సాఫ్ట్‌వేర్ కొత్త ప్యాకేజీతోనే ఒక పెద్ద ఆసుపత్రి ల్యాబ్‌లో మళ్లీ 1723 వచ్చింది. ఎక్స్86 రన్‌టైమ్ వేసినా మార్పు లేదని అక్కడివాళ్లు చెప్పారు. ఈసారి లాగ్‌లో 1157 లేదు. డీఎల్ఎల్‌కు కావలసిన ఫైలేదీ దొరకనట్టు ప్రాసెస్ మానిటర్ చూపలేదు. ఆ ఆసుపత్రి కంప్యూటర్లు డొమైన్‌లో (ఒకేచోటి నుంచి నిర్వహించే నెట్‌వర్క్‌లో) ఉన్నాయి, ఏ ప్రోగ్రామ్‌ను నడవనివ్వాలో నిర్ణయించే యాప్‌లాకర్‌లో మామూలుగా ఆఫ్‌లో ఉండే డీఎల్ఎల్ నియమాలను అక్కడ ఆన్ చేశారు. ఈవెంట్ వ్యూయర్‌లో యాప్‌లాకర్ కింద ఎగ్జిక్యూటబుల్, డీఎల్ఎల్ లాగ్‌లో, తాత్కాలికంగా విప్పిన ఆ కస్టమ్ యాక్షన్ ఫైలును అడ్డుకున్నట్టు 8004 ఈవెంట్ నమోదై ఉంది. ప్యాకేజీకి డిజిటల్ సంతకం ఉన్నా, లోపలి డీఎల్ఎల్‌కు విడిగా లేదు. యాప్‌లాకర్‌ను కాసేపు ఆపి ఇన్‌స్టాల్ చేద్దామన్న ప్రతిపాదనకు నేను ఒప్పుకోలేదు. ఆ నియమం తన పని తాను సక్రమంగా చేస్తోంది. తయారీదారులు డీఎల్ఎల్‌కు సంతకం చేసి ప్యాకేజీని మళ్లీ పంపారు, ఆసుపత్రి ఐటీ విభాగం ఆ సంతకం ఆధారంగా పబ్లిషర్ నియమం ఒకటి చేర్చింది, రక్షణ ఏదీ తీయకుండానే ఇన్‌స్టలేషన్ పూర్తయింది.